అభిమానిగారి ఫోను

నేను టీవీలో కనబడటం మొదలుపెట్టాక మా ఊళ్ళో ఒక విచిత్రం జరిగింది. శుక్రవారం రాత్రి కరెంటు పోతే కరెంటాఫీసుకి ఒక్క ఫోను కూడా వచ్చేది కాదు. ఈ మాట లైన్‌మనే స్వయంగా, కిళ్ళీ కొట్టు దగ్గర సోడా తాగుతూ, అందరూ వినేలా చెప్పాడు. "మిగతా రోజుల్లో అయితే అమ్మనీ అబ్బనీ తిడతారండి. శుక్రవారం మాత్రం అడిగేవాడే లేడండి. తమరి దయవల్ల కాసేపు కునుకు తీస్తున్నానండి" అని దండం కూడా పెట్టాడు. ఆ దండం నిజమేననుకుని నేను కూడా తిరిగి పెట్టాను.

తొంభైల చివరి మాట ఇది. మాది రాజమండ్రికి దిగువన, కాలువ పక్కన ఉండే చిన్న టౌను. మా ఊళ్ళో ఇంటింటికీ, కాలువ గట్టు వెంట చుట్టుపక్కల ఊళ్ళకీ కేబుల్ వైరు లాగించిన ఓనరుగారు సొంతంగా ఒక లోకల్ ఛానెల్ పెట్టుకున్నారు. పగలంతా సినిమాలు, మధ్యలో బట్టల కొట్ల ప్రకటనలు, పుట్టినరోజు పిల్లల ఫొటోలు. శుక్రవారం రాత్రి ఆఖరి సినిమా అయ్యాక ఒక గంటసేపు నేను. కార్యక్రమం పేరు "ఇంకా పడుకోలేదా అండీ". ఆ పేరు నేను పెట్టిందే. ఆ వారం ఊళ్ళో జరిగిన సంగతులన్నీ ఉతికి ఆరేయడం, ఎవరో ఒకరిని పిలిచి పక్కన కూర్చోబెట్టుకుని అడగకూడని ప్రశ్నలు అడగడం, చివర్లో ఫోన్లు తీసుకోవడం. ఎవరి పేరూ చెప్పేవాణ్ణి కాదు. "మన ఊళ్ళో ఒక మహానుభావులు ఉన్నారండి" అంటే చాలు, ఊళ్ళో ఉన్న మహానుభావులందరూ మంచాల మీద లేచి కూర్చునేవారు. మా వైపు అంతే. మనిషిని ఎంత గౌరవంగా పలకరిస్తే అంతగా అనుమానించాలి. అండీ, గారూ, తమరూ మూడూ ఒకే మాటలో పడ్డాయంటే ఆ మనిషి పని అయిపోయినట్టే.

అంతకుముందు నేను సినిమా హాలు వాళ్ళ రిక్షాలో మైకు పట్టుకుని వీధి వీధీ తిరిగేవాణ్ణి. పెద్దగా చదువుకోలేదు. ఎనిమిదో తరగతిలో లెక్కల మాస్టారికీ నాకూ అభిప్రాయభేదం వచ్చింది. ఇద్దరిలో ఒకరు బడి మానేయక తప్పలేదు. ఆయన పెళ్ళాం పిల్లలు గలవాడు కదా అని నేనే మానేశాను. రిక్షాలో తిరిగినన్నాళ్ళూ ఊరంతా నన్ను "ఒరేయ్ మైకూ" అనే పిలిచింది. టీవీలోకి వచ్చాకే మొదటిసారి నా పేరు వెనక గారు తగిలించారు. వెటకారానికే తగిలించి ఉండొచ్చు, కాదనను. కానీ గారు గారే. ఒకసారి ఆ రుచి తగిలాక మళ్ళీ రిక్షా ఎక్కి "ఒరేయ్ మైకూ" అనిపించుకోవడం చేతకాదు. అందుకే ఆ కార్యక్రమాన్ని, దాంట్లో నేను కూర్చునే కుర్చీని, రెండు చేతులతో పట్టుకుని ఉండేవాణ్ణి.

ఆ కుర్చీ కూడా మామూలుది కాదు. మా సెలూన్ ఆయన కొత్తవి కొనుక్కుని వదిలేసిన పాత తిరుగుడు కుర్చీ. తల ఆనించే దిమ్మ పీకేసి, పైన ఎర్ర తువ్వాలు కప్పాం. ఇచ్చేటప్పుడు ఆయన ఒక మాట చెప్పాడు. "ఇందులో కూర్చున్నవాళ్ళు పీక దగ్గర కత్తి ఉన్నట్టే కూర్చోవాలండి. కాస్త కదిలితే తెగుద్దండి."

కత్తి లేదు గానీ ఎదురుగా కెమెరా ఉండేది. దాని వెనక ఓనరుగారు. ఆయన ఎప్పుడూ నవ్వేవారు కాదు. ఒకసారి అడిగితే "నవ్వితే కెమెరా ఊగుద్దయ్యా" అన్నారు. మేడ మీద గది, కిటికీలకి గోనెసంచులు, గోడకి నీలం దుప్పటి, రెండు లైట్లు, నవ్వని ఓనరుగారు. నేను జోకు వేసేవాణ్ణి. జోకు వెళ్ళి నీలం దుప్పటికి తగిలి కింద పడేది. అవతల ఇళ్ళలో నవ్వుతున్నారో, నిద్రపోతున్నారో, టీవీ కట్టేశారో తెలిసే దారి లేదు. అనుమానం నాకు అక్కడే అంటుకుంది. పొద్దున్నే టీ కొట్టు దగ్గర ఎవరైనా నవ్వుతూ కనబడితే, జోకుకి నవ్వుతున్నాడా నాకు నవ్వుతున్నాడా అని తేల్చుకోలేకపోయేవాణ్ణి.

ఇక్కడ మా అత్తగారి సంగతి చెప్పాలి. ఆవిడది ఆత్రేయపురం. పూతరేకులు చేస్తారు. పొయ్యి మీద బోర్లించిన కుండ, కింద ఎండాకుల మంట, పల్చటి బియ్యప్పిండి నీళ్ళలో ముంచిన గుడ్డని కుండ మీద పరిచి లాగడం, లేచిన రేకుని చిరగకుండా తియ్యడం, రోజంతా అదే పని. మావగారు పోయాక వ్యాపారమంతా ఆవిడే చూసుకునేవారు. రాజమండ్రి మిఠాయి కొట్ల వాళ్ళు ఆర్డర్లు చెప్పడానికని ఇంట్లో ఫోను కూడా పెట్టించుకున్నారు. ఇంత తెలిసినా ఆవిడని నేను సరిగ్గా చూసింది మాత్రం లేదు. వాళ్ళ ఇళ్ళలో అత్తగారు అల్లుడికి ఎదురుపడదు, అల్లుడితో మాట్లాడదు. నేను గుమ్మంలో అడుగు పెడితే ఆవిడ పొయ్యి దగ్గర నుంచి లేచి వంటింటి తలుపు వెనక్కి వెళ్ళిపోయేవారు. ఏమైనా చెప్పాలంటే కూతురి చెవిలో గుసగుసలాడేవారు. మా ఆవిడ ఆ మాటని బయటికి తెచ్చి నాకు అందించేది. నేను చెప్పేది లోపలికి మోసుకెళ్ళే అవసరం ఉండేది కాదు, తలుపుకి చెవులుండేవి. నా వరకు మా అత్తగారంటే ఒక తలుపు, ఆ తలుపు కింద సందులోంచి కనబడే రెండు పాదాలు.

ఇంత మంచి సరుకు ఇంట్లో పెట్టుకుని వాడుకోకపోతే ఎలాగ. ఒక శుక్రవారం కెమెరా వైపు వంగి ఇలా చెప్పాను. "మా అత్తగారు చాలా మంచివారండి. పెళ్ళయిన దగ్గర్నుంచి నన్ను ఒక్క మాట అనలేదు. అసలు మాటే అనలేదు. ఆవిడ చేసే పూతరేకు ఎంత పల్చగా ఉంటుందంటే, దాన్ని పేపరు మీద పరిచి వార్తలు చదువుకోవచ్చండి. నెయ్యి తగిలితే అక్షరాలు ఇంకా బాగా కనబడతాయి గానీ, అల్లుడికిచ్చే వాటిలో ఆ సదుపాయం ఉండదండి."

కెమెరా ఊగలేదు. తర్వాత ఫోన్లు మొదలయ్యాయి. మా దగ్గర స్పీకరున్న ఫోను ఉండేది. మీట నొక్కితే అవతలివాళ్ళ మాట గదంతా వినబడేది. దాని దగ్గర మైకు పెట్టేవాళ్ళం. ఆ రోజుల్లో ఫోన్‌లో ఎవరి నంబరూ కనబడేది కాదు. మామూలుగా పాట వేయమని అడిగేవాళ్ళే ఎక్కువ. ఆ రోజూ అంతే. మరుసటి శుక్రవారం మాత్రం ఒక బొంగురు గొంతు వచ్చింది. పొగ తాగీ తాగీ పాడైపోయిన మగవాడి గొంతులా ఉంది.

"నమస్కారమండి. తమరి అభిమానినండి."

"చెప్పండి అభిమానిగారూ. ఇంకా పడుకోలేదా అండీ?"

"తమరు పడుకోనిస్తేనే కదండీ. చిన్న సందేహమండి. పోయిన వారం రేకు పరిచి పేపరు చదవచ్చన్నారు. చదవాలంటే రేకు ఒక్కటే సరిపోద్దాండి? చదువు కూడా ఉండాలి కదండీ."

ఫోను పెట్టేశారు. కెమెరా ఊగింది. ఓనరుగారు నోటికి తువ్వాలు అడ్డం పెట్టుకున్నారు.

మర్నాడు పొద్దున టీ కొట్టు దగ్గర అందరూ నన్ను చూసి నవ్వారు. ఎందుకు నవ్వుతున్నారో తేల్చుకోలేకపోవడం అన్న బాధ ఆ రోజుతో తీరిపోయింది.

అభిమానిగారు ఇక ప్రతి శుక్రవారం తప్పలేదు. నేను మున్సిపాలిటీ మురుగు కాలవ మీద జోకులు ఎక్కువ వేస్తానని ఒకసారి ఫోను చేశారు. "పంట కాలవలకైనా ఎండాకాలం నీళ్ళు కట్టేస్తారండి. తమరి నోటికి కట్టేసేది ఎప్పుడండి?" ఇంకోసారి నా చొక్కా మీద పడ్డారు. "ఆ గళ్ళ చొక్కా తమరికి పెళ్ళిలో పెట్టిందనుకుంటానండి. ఇన్నేళ్ళుగా అదే వేస్తున్నారు. పెట్టినవాళ్ళు ఎక్కడున్నా చూసి సంతోషిస్తుంటారులెండి." అది పెళ్ళిలో పెట్టిన చొక్కాయే. ఆ సంగతి ఆ గొంతుకి ఎలా తెలిసిందో అర్థం కాక ఆ రాత్రంతా మంచం మీద దొర్లాను.

ఊరికి నా జోకులు వినే ఓపిక పోయింది. జనం అభిమానిగారి ఫోను కోసం కాచుకుని కూర్చునేవారు. ఓనరుగారు ఒక రోజు నన్ను పక్కకి పిలిచారు.

"నీకో మాట చెప్తాను, ఏమీ అనుకోకు. ఆ ఫోను వచ్చేదాకా నువ్వు చెప్పేవన్నీ ప్రకటనల్లా ఉంటున్నాయయ్యా. జనం ఆ టైములో లేచి మంచినీళ్ళు తాగొస్తున్నారు."

"నేను లేకపోతే ఆయన ఎవరిని అంటారండి?"

"ఎవరో ఒకరిని అంటాడు. ఊళ్ళో మనుషులకి కరువా? ఆయన ఎవరో కనుక్కో. దొరికితే ఆ కుర్చీలో కూర్చోబెడతాను."

"మరి నేనండి?"

"నీకేం, మంచి గొంతుంది. సినిమా హాలు వాళ్ళ రిక్షా ఇంకా తిరుగుతానే ఉంది."

నా కుర్చీలోకి రాబోయే మనిషిని నన్నే వెతికి పట్టుకురమ్మంటున్నారు. వెతకకపోతే ఆయనే వెతుకుతారు. నేనే ముందు పట్టుకుంటే కాళ్ళో గడ్డమో పట్టుకుని మాన్పించుకోవచ్చని వెతకడం మొదలుపెట్టాను.

మొదటి అనుమానం లెక్కల మాస్టారి మీద. ఆ గొంతు మొదటే చదువు మాట ఎత్తింది కాబట్టి. ఆయన రిటైరై, సాయంత్రాలు కాలువ గట్టున నడుస్తూ ఉంటారు. రెండో అనుమానం సెలూన్ ఆయన మీద. కుర్చీ ఇచ్చినవాడు తిరిగి కావాలనుకోవడం సహజం. మూడో అనుమానం సాక్షాత్తూ ఓనరుగారి మీద. తనే ఎవరినో పెట్టి ఫోన్లు చేయిస్తూ, నన్ను దింపడానికి ఎత్తు వేస్తున్నారేమో. ఊళ్ళో మిగిలిన జనాన్ని నాలుగో అనుమానం కింద ఉంచాను.

అప్పుడొక ఉపాయం తట్టింది. ముగ్గురికీ మూడు అబద్ధాలు చెప్పాలి. శుక్రవారం ఏ అబద్ధం ఫోన్‌లోంచి తిరిగొస్తే ఆ మనిషే దొంగ. మాస్టారికి గట్టు మీద ఎదురుపడి, ప్రైవేటుగా పదో తరగతి కడుతున్నానని చెప్పాను. ఆయన ఆగి, నన్ను కిందినుంచి పైదాకా చూసి, "లెక్కల మాస్టార్ల మీద నీకు ఇంకా కోపం పోలేదేంట్రా" అని నడుచుకుంటూ వెళ్ళిపోయారు. సెలూన్ ఆయనకి గడ్డం గీయించుకుంటూ, నాకు మొలలు వచ్చాయని, ఆ కుర్చీలో కూర్చోలేకపోతున్నానని చెప్పాను. "మా కుర్చీలో ఆ కంప్లైంటు ఇంతవరకు ఎవరికీ రాలేదండి. కూర్చునేవాళ్ళలోనే ఉంటదండి" అన్నాడు. ఓనరుగారికి, రాజమండ్రిలో ఇంకో కేబుల్ వాళ్ళు నన్ను రమ్మంటున్నారని చెప్పాను. ఆయన కెమెరా తుడుస్తూ "ఎప్పుడు వెళ్తున్నావు?" అని అడిగారు. అడిగిన తీరులో ఉత్సాహం కొంచెం ఎక్కువగానే ఉంది.

శుక్రవారం వచ్చింది. నా జోకులు అయ్యాయి, జనం మంచినీళ్ళు తాగొచ్చారు, ఫోను మోగింది.

"నమస్కారమండి. అద్దం ముందు నవ్వడం బాగా కుదిరిందాండి?"

కట్టేద్దామని ఫోను మీట వైపు చెయ్యి చాపాను.

"ఆదివారం బీరువా అద్దం ముందు కూర్చుని రకరకాలుగా నవ్వారంట కదండీ. పోనీ అద్దమైనా నవ్విందాండి?"

కెమెరా ఊగిపోయింది. నా నవ్వు టీవీలో పంటి నొప్పి ఉన్నవాడి నవ్వులా కనబడుతోందని నాకే అనుమానం వచ్చి, ఆదివారం మధ్యాహ్నం తలుపులన్నీ వేసుకుని సాధన చేసిన మాట నిజం. మూడు అబద్ధాల్లో ఒక్కటీ తిరిగి రాలేదు. ఎవరికీ చెప్పని నిజం తిరిగి వచ్చింది. ఆ సమయంలో ఇంట్లో ఉన్నది మా ఆవిడ ఒక్కతే.

ఇంటికి వెళ్ళేసరికి ఆవిడ గోడవైపు తిరిగి పడుకుని ఉంది. భుజాలు మాత్రం కదులుతున్నాయి.

"లే. అద్దం సంగతి ఎవరికి చెప్పావు?"

"ఏ అద్దమండి?" అని లేచి కూర్చుంది. కళ్ళు తుడుచుకుంది. ఏడ్చినప్పుడు ఆ కళ్ళు అలా ఉండవు, నాకు తెలుసు.

"ఎవడో మగవాడు మన ఇంటి సంగతులు టీవీలో చెప్తున్నాడు. మన ఇంట్లోంచి మాట బయటికి వెళ్తోంది. నువ్వు ఎవరితో మాట్లాడతావు?"

"నేనెవరితో మాట్లాడతానండి? గురువారం మా అమ్మ దగ్గరికి వెళ్ళి రేకులు చుట్టడంలో సాయం చేసి వస్తాను. అంతకు మించి గడప దాటి ఎక్కడికెళ్తున్నానో మీరే చెప్పండి."

"మీ అమ్మకి చెప్పావా?"

"అమ్మకి చెప్పకుండా ఎవరికి చెప్పుకోనండి?"

నాకు మనసు కుదుటపడింది. అత్తగారికి చెప్పిందంటే తలుపుకి చెప్పినట్టే. తలుపు మాట్లాడదు. కాబట్టి తలుపు దగ్గర ఇంకెవరో నిలబడి వింటున్నారు. రాజమండ్రి నుంచి సరుకు తీసుకెళ్ళడానికి వచ్చే కొట్టు మనిషి గుర్తొచ్చాడు. వాడికి చుట్ట అలవాటు కూడా ఉంది. గొంతు సరిపోయింది. ఇంక దొంగ దొరికినట్టేనని హాయిగా పడుకున్నాను. మా ఆవిడ మళ్ళీ గోడవైపు తిరిగింది.

నేను ఆ కొట్టు మనిషిని పట్టుకునే లోపే ఓనరుగారు తొందరపడ్డారు. వారమంతా సినిమాల మధ్యలో ప్రకటన వేయించారు. "వచ్చే శుక్రవారం అభిమానిగారికి బహిరంగ ఆహ్వానం" అని. నాతో మాట మాత్రం అనలేదు. నేను మా ఇంట్లో టీవీలో చూసి తెలుసుకున్నాను.

ఆ శుక్రవారం నేను కుర్చీలో నిజంగానే పీక దగ్గర కత్తి ఉన్నట్టు కూర్చున్నాను. ఎర్ర తువ్వాలు ఉతికించి వేశారు. ఆ ఉతికింది నా కోసం కాదని తెలుస్తూనే ఉంది. ఫోను మోగగానే ఓనరుగారు కెమెరా వదిలేసి, మొదటిసారి టీవీలోకి నడిచి వచ్చారు. జుట్టు దువ్వుకుని ఉన్నారు. ముందే దువ్వుకున్నారన్నమాట.

"నమస్కారమండి అభిమానిగారూ. నేను ఓనర్ని మాట్లాడుతున్నానండి. తమరు ఒకసారి మా స్టూడియోకి రావాలండి. ఈ కుర్చీ తమరిదేనండి. ప్రతి వారం తమరే నడపాలండి."

ఫోన్‌లో వెనక మా కార్యక్రమమే టీవీలో ఆడుతున్న చప్పుడు వినబడింది.

"కుర్చీ వద్దండి" అంది గొంతు.

"అదేంటండి. పోనీ ఈయన పక్కన కూర్చోండి. ఎదురుగా కూర్చుని ఈయన్ని ఏమనాలనుకుంటే అది అనండి."

"ఆయన ఎదుట కూర్చోకూడదండి. మా ఇళ్ళలో పద్ధతి కాదండి."

"ఈయన ముందా? ఈయన ముందు పద్ధతేంటండి. తమరు ఈయన కంటే చిన్నాండి?"

"పెద్దేనండి."

"మరింకేంటండి?"

"పెద్ద కాబట్టేనండి."

నా కంటే పెద్ద. నా ఎదుట కూర్చోకూడదు. నేను ఊళ్ళో అందరి ముందూ లేచి నిలబడ్డవాణ్ణే గానీ, నన్ను చూసి లేచి వెళ్ళిపోయే మనిషి నా జీవితంలో ఒక్కరే ఉన్నారు. తలుపు కింద సందులో రెండు పాదాలు కళ్ళ ముందు కనబడ్డాయి. ఎండాకుల పొగలో ఏళ్ళ తరబడి కూర్చుంటే గొంతు ఎలా అవుతుందో అప్పటిదాకా నేను ఆలోచించనే లేదు. ఆ గొంతు ఒక్కసారైనా వినుంటే కదా పోల్చుకోవడానికి. పెళ్ళయిన దగ్గర్నుంచి నేను విన్నది గుసగుసలే.

నాకు తెలియకుండానే కుర్చీలోంచి లేచి నిలబడి, ఫోనుకి రెండు చేతులూ జోడించాను.

"నమస్కారమండి" అన్నాను.

అవతల ఠక్కున ఫోను పెట్టేశారు.

"ఎందుకు లేచావయ్యా?" అన్నారు ఓనరుగారు, ఊరంతా వింటుండగానే. "కెమెరా దగ్గర ఎవరూ లేరు. టీవీలో నీ తల లేదు."

ఇంటికి వచ్చేసరికి మా ఆవిడ నిద్ర నటించడం కూడా మానేసి మంచం మీద కూర్చుని ఉంది. పొద్దున్నే ఇద్దరం ఆత్రేయపురం బస్సెక్కాం. కాలువ గట్టు మీద బస్సు వెళ్తున్నంతసేపూ ఆవిడ కిటికీలోంచి బయటికే చూస్తూ కూర్చుంది. నేను ఆవిడ భుజాలనే చూస్తూ కూర్చున్నాను. గతుకులకి కదులుతున్నాయో నవ్వుకి కదులుతున్నాయో చెప్పడం కష్టం.

"నీకు మొదటినుంచీ తెలుసా?" అన్నాను చివరికి.

"ఏంటండి?"

"ఫోను సంగతి."

"మా ఇంట్లో ఫోను మా అమ్మ చేసుకుంటే నన్నడుగుతారేంటండి. బిల్లు మా అమ్మే కట్టుకుంటుంది."

మేం వెళ్ళేసరికి పొయ్యి వెలుగుతోంది. నా చెప్పుల చప్పుడు వినబడగానే ఎప్పటిలాగే వంటింటి తలుపు కదిలింది. బోర్లించిన కుండ మీద అప్పుడే పరిచిన రేకు ఒంటరిగా మాడుతోంది. మా ఆవిడ గబగబా వెళ్ళి దాన్ని తీసేసి, మంట తగ్గించి, నాకు చాప వేసింది. నేను కూర్చోలేదు. తలుపు కింద పాదాలు కనబడుతున్నాయి. ఎన్నడూ లేనిది, ఆ పాదాలు కొంచెం కులాసాగా నిలబడ్డట్టు అనిపించింది. అది కూడా నా అనుమానమే కావచ్చు.

"మీ అమ్మని అడుగు" అన్నాను మా ఆవిడతో, తలుపు వైపు చూస్తూ. "ఇంట్లో ఒక్క మాట మాట్లాడనివాళ్ళు, ఊరంతా వినేలా నన్ను అన్నేసి మాటలు ఎలా అన్నారో అడుగు."

లోపల గుసగుస. మా ఆవిడ తల బయట పెట్టింది.

"గుమ్మంలోకి వస్తే మీరు అల్లుడుగారంట. పెట్టెలో కనబడితే టీవీ అంట. టీవీకి ఎవరైనా చాటుకి వెళ్తారా అంటుంది."

"మరి కార్యక్రమంలో నా పరువు పోతుంటే?"

మళ్ళీ గుసగుస. ఈసారి కొంచెం పొడుగైంది.

"ముందు మీరే అన్నారంట, రేకుల్లో నెయ్యి ఉండదని. మర్నాడు పొద్దున రాజమండ్రి కొట్టు ఆయన, ఎవరో చెప్తే విని, ఫోను చేశాడంట. అల్లుడుగారు టీవీలో చెప్పింది నిజమేనాండి, అయితే రేటు తగ్గించండి, అన్నాడంట. ఎవరికి చెప్పుకోవాలో తెలియక, టీవీలో అన్న మాటకి టీవీలోనే సమాధానం చెప్పిందంట."

నేను జోకు వేస్తే నీలం దుప్పటికి తగిలి కింద పడుతోందనుకున్నాను. అది కాలువ గట్టు వెంట వైరు పట్టుకుని వెళ్ళి, ఇక్కడ ఈ పొయ్యి దగ్గర పడుతోంది. అయినా నా బాధ నాది. అసలు అడగాల్సింది ఇంకా గొంతులోనే ఉంది.

"సరే, అడుగు" అన్నాను. "ఓనరుగారు నన్ను దింపేసి వేరేవాళ్ళని పెడతానంటున్నారు. వేరేవాళ్ళు కూర్చుంటే ఆవిడ ఫోను చేస్తారా అని అడుగు. చేస్తారంటే నేను సోమవారం నుంచి రిక్షా ఎక్కాలి."

గుసగుస ఈసారి పొడుగుగా లేదు. పైగా కొంచెం కోపంగా వినబడింది. మా ఆవిడ నవ్వు ఆపుకుంటూ అందించింది.

"పరాయి మగాళ్ళతో వేళాకోళమాడటానికి మేం ఎలాంటివాళ్ళం అనుకుంటున్నారు అంటుంది. మీరున్నారు కాబట్టి చేసిందంట. మీరు లేకపోతే ఆ పెట్టె కట్టేసి పడుకుంటుందంట."

నేను చాప మీద కూర్చున్నాను. ఆ ఫోను కావాలంటే ఓనరుగారికి నేను కావాలి. నేను లేని కుర్చీకి అభిమానిగారు లేరు. ఈ ఒక్క మాట తీసుకెళ్ళి మేడ మీద చెప్తే చాలు, ఎర్ర తువ్వాలు మళ్ళీ నాదే. సోమవారం అదే చెప్పాను. ఓనరుగారు చాలాసేపు ఆలోచించి, "అయితే ఆవిడకి నచ్చని జోకులే వెయ్యవయ్యా, నీకేం కష్టం" అన్నారు. అది తర్వాత సంగతి.

ఆ పొద్దున మాత్రం చాప మీద కూర్చున్నాక నాకు ధైర్యం ఎక్కువైంది. మా ఆవిడ గ్లాసుతో కాఫీ తెచ్చి ముందు పెట్టింది. పక్కన పళ్ళెంలో రెండు పూతరేకులు. నెయ్యి పళ్ళెం మీదకి కారుతోంది. అంత నెయ్యి చూసి నాకు మళ్ళీ అనుమానం వచ్చింది గానీ బయటపడలేదు.

"అడుగు" అన్నాను. "ఇక ప్రతి శుక్రవారం తప్పకుండా చేస్తారా, మధ్యలో ఎప్పుడైనా మానేస్తారా? నా కుర్చీ సంగతి కదా, గట్టిగా కనుక్కో."

మా ఆవిడ తలుపు వైపు వంగింది. ఈసారి గుసగుస రాలేదు. కూతురితో అంటున్నట్టే, కానీ చాప దాకా వినబడేలా, తలుపు వెనక నుంచి ఆ బొంగురు గొంతే వచ్చింది.

"అల్లుడుగారి జోకుకి నాకు నవ్వొచ్చిన రోజున మానేస్తానని చెప్పవే."